గింజ గట్టిపడక ముందు

చలి ముదిరే వేళకు సూరత్ నగరంలో తాపీ నది ఒడ్డున, అడాజణ్ వైపు, పందిళ్లు వేసి వరసగా దుకాణాలు తెరుస్తారు. అక్కడ ప్రధానంగా అమ్మేది ఒకటే సరుకు, లేత జొన్న గింజలు. గుజరాతీలో పోంక్ అంటారు. చుట్టుపక్కల పల్లెల నుంచి కోసి తెచ్చిన పచ్చి కంకులను నిప్పుల మీద, వేడి బూడిదలో కాసేపు మగ్గనిస్తారు. పొగలు కక్కుతున్న కంకులను అలాగే గుడ్డసంచిలో వేసి, మూతి బిగించి, కర్రలతో బాదుతారు. సంచి విప్పి చెరిగితే పొట్టు, బూడిద ఎగిరిపోయి చిగురాకు రంగులో మెరిసే మెత్తని గింజలు మిగులుతాయి. గుప్పెడు గింజల మీద నిమ్మరసం, మిరియాలు పట్టించిన సన్నని సేవ్, పక్కన చక్కెర గుళికలు, ఒక గ్లాసు మజ్జిగ. చలి వెళ్లిపోయాక ఈ దుకాణాలు కనబడవు.

సూరత్‌లో ఉంటున్న తెలుగువాళ్లకు ఇది కొత్త తిండి కాదు. కరీంనగర్, వరంగల్, నల్లగొండ ప్రాంతాల నుంచి మరమగ్గాల పనికి తరలివెళ్లిన పద్మశాలి కుటుంబాలు తరాలుగా లింబాయత్, ఉధ్నా వాడల్లో స్థిరపడ్డాయి. అక్కడి నగరపాలక సంస్థ తెలుగు మాధ్యమంలో బడులు కూడా నడుపుతోంది. ఆ ఇళ్లలోని పెద్దవాళ్లు పోంక్‌ను చూడగానే ఊసబియ్యం అంటారు. యాసంగి జొన్న పాలు పోసుకున్నాక చేనుగట్టు మీద నాలుగు పుల్లలు రాజేసి, కంకులు కాల్చి, గొంగడి మీద నలిపి, ఊదుకుంటూ తిన్న జ్ఞాపకం వాళ్లది. తెలంగాణలో అది చేనికి వెళ్లినవాళ్లకు దక్కే తిండి. సూరత్‌లో అది బజారుకెక్కి, నగరమంతా ఎదురుచూసే సరుకైంది. మహారాష్ట్రలో దీన్నే హుర్డా అంటారు. అక్కడ హుర్డా కోసం వేసే దేశవాళీ రకాల్లో గుల్‌భెండీ, కుచ్‌కుచీలతో పాటు సుర్తీ అనే రకం కూడా ఉంది.

జొన్న పోషకాల గురించి ఈమధ్య విపరీతంగా మాట్లాడుతున్నారు. 2023ను ఐక్యరాజ్యసమితి అంతర్జాతీయ చిరుధాన్యాల సంవత్సరంగా ప్రకటించాక ఆ మాటలు ఇంకా పెరిగాయి. వంద గ్రాముల జొన్నలో ఇన్ని గ్రాముల మాంసకృత్తులు, ఇన్ని మిల్లీగ్రాముల ఇనుము అని పట్టికలు అచ్చేసి గోడలకు అంటిస్తున్నారు. ఆ అంకెలు అబద్ధాలు కావు. కానీ అవి చెప్పేది సగమే. ఏ దశలో కోసిన జొన్న, ఎలా వండిన జొన్న, పక్కన ఏం పెట్టుకుని తిన్న జొన్న అన్నది తేల్చకుండా ఈ పంట మేలు గురించి మాట్లాడలేం. ఎండకు తట్టుకోవడానికి ఈ మొక్క తన ఒంట్లో చేసుకునే రసాయనాల్లో కొన్ని మనకు మేలు చేస్తాయి, కొన్ని ప్రాణం తీస్తాయి. ఏది ఎప్పుడు ఎక్కడ ఉంటుందో తెలుసుకుంటే జొన్న అర్థమవుతుంది.

ముందుగా మొక్కను చూద్దాం. జొన్న పుట్టిల్లు ఆఫ్రికా. తూర్పు సూడాన్‌లో దాదాపు 5,000 ఏళ్ల నాటి కుండపెంకుల మీద మట్టిలో కలిసిన జొన్న పొట్టు అచ్చులు దొరికాయి. సాగు మొదలైన ఆనవాళ్లు వాటిలో కనిపించాయి. సుమారు 4,000 ఏళ్ల కిందటికే అది మన ఉపఖండానికి చేరింది. నాలుగు వేల ఏళ్లుగా ఈ నేలలో పండి, ఇక్కడి రైతుల చేతుల్లో వందలాది రకాలుగా విడిపోయిన పంటను దేశవాళీ అనడానికి నాకు సంకోచం లేదు.

సూరత్ వానలేని ఊరు కాదు. ఏడాదికి వెయ్యి మిల్లీమీటర్ల పైన కురుస్తుంది, అయితే దాదాపు అంతా జూన్ నుంచి సెప్టెంబరు లోపే. ఆ తర్వాత నెలల తరబడి చుక్క ఉండదు. అక్కడి నల్లరేగడి మాత్రం తాగిన నీటిని తొందరగా వదలదు. వానలు వెనకబట్టాక విత్తిన జొన్న ఆ నేలలో దాగిన తేమ మీదే పెరిగి, చలిలో కంకి వేస్తుంది. మన కర్నూలు, ఆదిలాబాద్ రేగళ్లలో యాసంగి జొన్న పండే తీరు కూడా అదే.

ఆ తేమను జొన్న ఎంత పొదుపుగా వాడుతుందో 1910 దశకంలోనే అమెరికాలోని కొలరాడోలో బ్రిగ్స్, షాంట్జ్ అనే శాస్త్రవేత్తలు తొట్లలో మొక్కలు పెంచి, తూచి, లెక్కగట్టారు. ఒక కిలో ఎండు పదార్థం తయారు కావడానికి జొన్న సుమారు 300 కిలోల నీటిని ఆకుల గుండా ఆవిరిగా వదిలింది. గోధుమకు సుమారు 500, వరికి 700 పట్టింది. ఈ పొదుపుకు మూలం జొన్న కిరణజన్య సంయోగక్రియలో ఉంది. సి4 అనే ఆ పద్ధతిలో ఆకు బయటి కణాలు కార్బన్ డయాక్సైడును పట్టి, లోపలి కణాలకు దట్టంగా పంపుతాయి. అందువల్ల ఆకు రంధ్రాలను కొద్దిగానే తెరిచినా పని జరిగిపోతుంది. రంధ్రం ఎంత తక్కువ తెరిస్తే నీరు అంత తక్కువ పోతుంది.

చేలోకి వెళ్లి జొన్న కాండాన్ని వేలితో రాస్తే తెల్లని పొడి అంటుతుంది. చీడ కాదు, మైనం. పైర్లలో ఇంత మందంగా మైనం పూసుకునేవి అరుదు. మిట్టమధ్యాహ్నం ఆకులు నిలువునా గొట్టంలా చుట్టుకుంటాయి, సాయంత్రం విప్పుకుంటాయి. వేళ్లు మీటరున్నర, రెండు మీటర్ల లోతుకు దిగుతాయి. అన్నిటికంటే గొప్ప గుణం, ఎదుగుదలను ఆపుకోగలగడం. నీరు అందకపోతే జొన్న చావకుండా అలాగే నిలిచిపోతుంది. తడి తగలగానే వదిలిన చోటు నుంచి మళ్లీ పెరుగుతుంది. మొక్కజొన్నకు పూత దశలో నీరు తప్పితే దిగుబడి కుప్పకూలుతుంది. జొన్న ఆ దెబ్బను చాలావరకు ఓర్చుకుంటుంది.

ఇదంతా పైకి కనిపించేది. కనబడని రక్షణ ఒకటుంది, దాని పేరు ధురిన్. అది చక్కెరతో ముడిపడిన సయనైడు సమ్మేళనం. డన్‌స్టన్, హెన్రీ అనే రసాయన శాస్త్రవేత్తలు 1902లో దీన్ని గుర్తించారు. ఆకు చెక్కుచెదరకుండా ఉన్నంతసేపూ ధురిన్ ఒకచోట, దాన్ని విడగొట్టే ఎంజైము మరొకచోట ఉంటాయి. పశువు నమలగానే రెండూ కలిసి హైడ్రోజన్ సయనైడు విడుదలవుతుంది. లేత జొన్నను, ముఖ్యంగా వాన తప్పి గిడసబారిన జొన్నను మేసిన గొడ్డు గంటలోపు ఊపిరాడక పడిపోవడం పల్లెల్లో తెలిసిన సంగతే. జొన్న నాము తిన్నది అంటారు. మొక్క ఎంత లేతదైతే, కరువు ఎంత గట్టిదైతే, ధురిన్ అంత ఎక్కువ.

ధురిన్ పని పురుగును, పశువును తరమడంతో అయిపోదు. అందులో నత్రజని ఉంది. అవసరమైనప్పుడు మొక్క సయనైడు బయటికి వదలకుండానే ధురిన్‌ను విడగొట్టి ఆ నత్రజనిని తిరిగి వాడుకోగలదు. కరువులోనూ చివరిదాకా ఆకు పచ్చగా నిలుపుకునే జొన్న రకాల ఆకుల్లో ధురిన్ ఎక్కువగా ఉంటోందని అమెరికాలో చేసిన పరిశోధనలు చూపించాయి. కరువుకు నిలిచే శక్తి, పశువును చంపే శక్తి అంత దగ్గరగా ముడిపడి ఉన్నాయి. గింజ పాలు పోసుకునే దశలోనూ కొంత ధురిన్ తయారవుతుంది. గింజ ముదిరే కొద్దీ మొక్క దాన్ని విడగొట్టి వాడేసుకుంటుంది. పండిన గింజలో అది దాదాపు ఉండదు. అందుకే జొన్న మనకు అన్నమైంది.

మళ్లీ మొలకెత్తిస్తే మాత్రం కథ మొదటికొస్తుంది. ఆరోగ్యం పేరుతో ఈమధ్య పెసల మాదిరే జొన్నలనూ నానబెట్టి, మొలక పొడవుగా వచ్చేదాకా ఉంచి, పచ్చివే తినమని కొందరు సలహా ఇస్తున్నారు. ఇది ప్రమాదకరమైన సలహా. 100 గ్రాముల జొన్న విత్తనం నుంచి పెంచిన మొలకల్లో పెద్ద మనిషికి ప్రాణాంతకమైన మోతాదును మించిన సయనైడు ఉండగలదని 1984లోనే పరీక్షించి తేల్చారు. మొలకెత్తించిన జొన్నను మాల్టుగా వాడే ఆఫ్రికా దేశాల్లో దాన్ని ఎండబెట్టి, మొలకను నలిపి తీసేసి, ఉడికించి వాడతారు. పచ్చి జొన్న మొలకలు తినకూడదు, పిల్లలకు అసలే పెట్టకూడదు.

ఇప్పుడు పోంక్ గింజ దగ్గరికి వద్దాం. పూత పూసిన తర్వాత గింజ మూడు మెట్లు ఎక్కుతుంది. గోరుతో నొక్కితే తెల్లని పాలు చిమ్మేది మొదటి మెట్టు. నొక్కితే మెత్తని పిండి ముద్దలా బయటికి వచ్చేది రెండోది. గోరు దిగనిది మూడోది. చివరికి గింజ అడుగున, కంకికి అంటుకున్న చోట, ఒక నల్లటి మచ్చ పడుతుంది. తల్లి మొక్క నుంచి ఆహారం వచ్చే దారి అక్కడ మూసుకుపోయిందని దాని అర్థం. పోంక్‌కు కోసేది పాలు చిక్కబడి మెత్తని పిండిగా మారే వేళ. ఆకుల నుంచి వచ్చి చేరుతున్న చక్కెరలన్నీ ఇంకా పిండిపదార్థంగా మారిపోలేదు, అందుకే ఆ తీపి. పొట్టులో పత్రహరితం ఉంది, అందుకే ఆ ఆకుపచ్చ. నాలుగైదు రోజులు ముందు కోస్తే గింజ చితికిపోతుంది. నాలుగైదు రోజులు ఆలస్యమైతే పిండి రుచే తప్ప తీపి ఉండదు. కోసిన తర్వాత కూడా గింజ ఊపిరి పీలుస్తూనే ఉంటుంది, తన చక్కెరను తానే ఖర్చు చేసుకుంటుంది. ఏ రోజు కంకి ఆ రోజే కాల్చాలని పోంక్ అమ్మేవాళ్లు పట్టుబట్టేది ఇందుకే. నిప్పుల వేడి ఇంకో మేలు కూడా చేస్తుంది. ధురిన్‌ను విడగొట్టే ఎంజైము ఆ వేడికి చెడిపోతుంది.

లేత గింజలో రుచిని మించిన విశేషం ఒకటుంది. జొన్న మాంసకృత్తుల్లో పెద్ద వాటా కాఫిరిన్ అనే కుటుంబానిది. గింజ ముదిరి ఎండే కొద్దీ ఈ కాఫిరిన్లు గంధకపు బంధాలతో ఒకదానికొకటి అల్లుకుపోతాయి. నీళ్లలో ఉడికిస్తే ఆ అల్లిక ఇంకా బిగుసుకుంటుంది. కడుపులోని జీర్ణరసాలు లోపలికి చొరబడలేవు. పెరూ దేశంలో పోషకాహార లోపం నుంచి కోలుకుంటున్న పిల్లలకు ఉడికించిన జొన్న జావ పెట్టి 1981లో పరీక్షిస్తే, అందులోని మాంసకృత్తుల్లో 46 శాతమే ఒంటికి పట్టాయి. గోధుమ, బియ్యం, మొక్కజొన్నల కంటే అది బాగా తక్కువ. పట్టికలో 10 గ్రాములని రాసి ఉన్నా ఆ పిల్లలకు దక్కింది సగం కూడా కాదు. 1995లో పర్డ్యూ విశ్వవిద్యాలయ పరిశోధకులు ఎదుగుతున్న జొన్న గింజలను దశల వారీగా కోసి, వండి, జీర్ణత కొలిచారు. లేత గింజ మాంసకృత్తులు వండిన తర్వాత కూడా బాగా అరిగాయి. ముదిరే కొద్దీ అరుగుదల పడిపోయింది. ఊసబియ్యం తేలిగ్గా అరుగుతుందని పెద్దలు చెప్పే మాట వెనుక ఇంత రసాయనం ఉంది.

ఏడాదంతా ఊసబియ్యం దొరకవు కాబట్టి ఎండు జొన్నను అరిగేలా చేసుకునే దారులు మన వంటింట్లోనే ఉన్నాయి. పులియబెట్టడం ఒకటి. రాత్రి జొన్న అంబలి కాచి, పులవనిచ్చి, పొద్దున మజ్జిగ, ఉల్లిపాయతో తాగే అలవాటు రాయలసీమలో, తెలంగాణలో ఉంది. సూడాన్‌లో పులియబెట్టిన జొన్నపిండితో కిస్రా అనే పల్చని రొట్టె కాలుస్తారు. పులిసిన జొన్నలో మాంసకృత్తుల అరుగుదల మెరుగవుతుంది, ఇనుమును పట్టి ఉంచే ఫైటేటు కూడా తగ్గుతుంది. నీళ్లు తగలని పొడి వేడి మరో దారి. తొలి ఏకాదశికి జొన్న పేలాలు వేయించి, బెల్లంతో దంచి పేలపిండి చేస్తాం. గింజలోని కొద్దిపాటి తేమ ఆవిరై, గట్టి పొర పగిలేలా ఉబ్బి, పిండిపదార్థం నురగలా విచ్చుకుంటుంది.

జొన్నరొట్టె దగ్గర ఒక్క క్షణం ఆగుదాం. జొన్నలో గ్లూటెన్ లేదు. గోధుమపిండి సాగినట్టు జొన్నపిండి సాగదు. అందుకే మరుగుతున్న నీళ్లు పోసి కలుపుతారు. 70 డిగ్రీల సెంటీగ్రేడు దాటేసరికి పిండిపదార్థంలో కొంత ఉబ్బి జిగురవుతుంది, మిగతా పిండిని ఆ జిగురే పట్టి ఉంచుతుంది. ముద్దను అరచేత్తో నొక్కుతూ తిప్పుతూ, అంచు పగలకుండా సాగదీసి, పెనం మీద వేశాక పైన తడిచేత్తో రాస్తారు. చల్లటి నీళ్లతో కలిపిన ముద్ద చేతిలోనే విరిగిపోతుంది. గ్లూటెన్ పడని సీలియాక్ రోగులకు జొన్న భద్రమైన ధాన్యం కావడానికి కారణం కూడా ఈ లేమే. పంజాబ్, గుజరాత్ వంటి గోధుమ తినే ప్రాంతాల్లో ఈ జబ్బు ఉన్న పిల్లల తల్లులకు జొన్నరొట్టె పెద్ద ఆసరా.

ఇక అంకెలు. హైదరాబాద్‌లోని జాతీయ పోషకాహార సంస్థ 2017లో వెలువరించిన పట్టిక ప్రకారం 100 గ్రాముల జొన్నలో మాంసకృత్తులు సుమారు 10 గ్రాములు, పీచు 10 గ్రాములకు కొంచెం పైన, ఇనుము 4 మిల్లీగ్రాములకు కొంచెం లోపు. పాలిష్ బియ్యంలో మాంసకృత్తులు 8, పీచు 3 గ్రాముల లోపు, ఇనుము 1 మిల్లీగ్రాము కూడా లేదు. నా దృష్టిలో ఇందులో ఎక్కువ విలువైనది పీచు. ఇనుము విషయంలో జాగ్రత్తగా మాట్లాడాలి. జొన్నలోని ఫైటేటు, పాలీఫినాళ్లు ఇనుములో చాలా భాగాన్ని పేగు గోడ దాటనివ్వవు. సి విటమిన్ ఆ పట్టును సడలిస్తుంది. రొట్టెలోకి గోంగూర, టమాట పచ్చడి పెట్టుకున్నా, ఊసబియ్యం మీద నిమ్మకాయ పిండుకున్నా ఆ ఇనుములో మరికొంత రక్తంలోకి చేరుతుంది. నిమ్మరసం తినే ముందు పిండుకోవాలి. వేయించిన సేవ్‌లోని నిమ్మకు రుచి మిగులుతుంది గానీ విటమిన్ పెద్దగా మిగలదు. గింజలోనే ఇనుము, జింకు పెంచిన పర్భణీ శక్తి అనే రకం, పటాన్‌చెరులోని ఇక్రిశాట్, పర్భణీ వ్యవసాయ విశ్వవిద్యాలయాల కృషితో 2018లో విడుదలైంది.

జొన్నను పొగిడే పుస్తకాలు వదిలేసే అధ్యాయం ఒకటుంది. అది హైదరాబాద్‌లోనే జరిగింది. కూనూరులో ఉన్న పోషకాహార పరిశోధనాలయం 1958లో హైదరాబాద్‌కు తరలివచ్చింది. ఆ రోజుల్లో దక్కన్ పీఠభూమి జిల్లాల నుంచి వచ్చే పేద కూలీల్లో పెల్లగ్రా జబ్బు తరచు కనిపించేది. ఎండ తగిలే చోటల్లా, చేతుల మీద, పాదాల మీద, మెడ చుట్టూ హారం వేసినట్టు చర్మం నల్లబారి పొలుసులు లేచేది. విరేచనాలు పట్టుకునేవి, ముదిరితే మతి చెడేది. నయాసిన్ అనే బి విటమిన్ లోపం దీనికి కారణమని 1937 తర్వాత ప్రపంచానికి తెలుసు. యూరప్‌లో, అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో మొక్కజొన్న మీదే బతికిన పేదలకు వచ్చిన జబ్బు అది. మొక్కజొన్నలో నయాసిన్ అందనంత గట్టిగా కట్టుబడి ఉంటుంది, దాన్ని ఒంట్లో తయారు చేసుకోవడానికి కావలసిన ట్రిప్టోఫాన్ కూడా తక్కువ. జొన్నలో ఆ రెండు లోపాలూ అంతగా లేవు. మరి జొన్న తినేవాళ్లకు ఎందుకొచ్చింది?

ఆ పరిశోధనాలయంలోని సి. గోపాలన్, ఎస్.జి. శ్రీకంఠయ్య 1960లో లాన్సెట్ పత్రికలో ఒక సమాధానం ఇచ్చారు. జొన్నలో లూసీన్ అనే ఎమైనో ఆమ్లం చాలా ఎక్కువ. అది మితిమీరితే ట్రిప్టోఫాన్, నయాసిన్ల దారి ఒంట్లో దెబ్బతింటుందని వాళ్ల వాదన. దాని మీద దశాబ్దాల పాటు చర్చ నడిచింది. కొన్ని ప్రయోగాలు సమర్థించాయి, కొన్ని సమర్థించలేదు. బి6 విటమిన్ లోపం కూడా తోడైతేనే జబ్బు బయటపడుతుందని తర్వాతి పరిశోధనలు సూచించాయి. లూసీన్ పాత్ర ఎంతన్నది పక్కన పెట్టినా ఒక సంగతి స్పష్టం. జబ్బు వచ్చింది జొన్న తిన్నందుకు కాదు, జొన్న తప్ప మరేదీ దొరకనందుకు. రొట్టెతో పప్పు, పాలు, కాస్త మాంసం, పల్లీలు తినగలిగిన ఇళ్లలో పెల్లగ్రా లేదు. తిండిలో వైవిధ్యం పెరిగే కొద్దీ దక్కన్‌లో ఆ జబ్బు కనుమరుగైంది. చిరుధాన్యాలు ఒక్కటే తింటే సర్వరోగాలూ పోతాయని చెప్పేవాళ్లు ఈ చరిత్రను ఒకసారి చదవాలి.

ఔషధ గుణాల ప్రచారంలోనూ ఇదే జాగ్రత్త అవసరం. జొన్నలో 3-డీఆక్సీ ఆంథోసయనిడిన్లు అనే అరుదైన రంగు పదార్థాలు ఉన్నాయని, కణాల మీద చేసిన పరీక్షల్లో క్యాన్సర్ కణాల పెరుగుదలను అవి తగ్గించాయని వార్తలు వస్తుంటాయి. ఆ పరీక్షల్లో చాలా వరకు నలుపు, ఎరుపు జొన్నల పొట్టు మీద, ఆకుతొడుగుల మీద చేసినవి. మనం రొట్టె చేసుకునే తెల్ల జొన్నలో ఆ రంగులు నామమాత్రం, టానిన్లూ దాదాపు లేవు. గాజు పళ్లెంలోని కణాల మీద వచ్చిన ఫలితం మనిషి కడుపులో వస్తుందన్న హామీ కూడా లేదు. ఆ ఆశతో ఎవరూ వైద్యం మానుకోకూడదు.

మధుమేహం సంగతి వేరు. అక్కడ ఆధారం గట్టిగా ఉంది. జొన్న పిండిపదార్థం కాఫిరిన్ల మధ్య ఇరుక్కుని ఉండటం వల్ల, పీచు ఎక్కువ కావడం వల్ల నెమ్మదిగా అరుగుతుంది. మాంసకృత్తుల విషయంలో లోపంగా కనబడిన ఆ బిగువే చక్కెర విషయంలో గుణమైంది. హైదరాబాద్‌లోని భారత చిరుధాన్యాల పరిశోధన సంస్థ, జాతీయ పోషకాహార సంస్థ కలిసి జొన్న వంటకాలను మనుషుల మీద పరీక్షించి, గోధుమ, బియ్యం వంటకాలతో పోల్చితే రక్తంలో చక్కెర పెరుగుదల తక్కువగా ఉందని చూపించాయి. కానీ రూపం ముఖ్యం. ముతక రవ్వ నెమ్మదిగా, మెత్తని పిండి తొందరగా అరుగుతాయి. రోజూ 12 గంటలు మగ్గాల మధ్య నిలబడి, ఇంటికొచ్చి పళ్లెం నిండా అన్నం తినే సూరత్ నేతకారుడికి ఒకపూట జొన్న గటక గానీ రొట్టె గానీ నిజంగా మేలు చేస్తుంది. జొన్న బిస్కెట్టు అని పేరు పెట్టి మైదా, చక్కెర కలిపి అమ్మే సరుకు ఆ మేలు చేయదు. పోంక్ పక్కన పెట్టే చక్కెర గుళికలనూ మధుమేహం ఉన్నవాళ్లు వదిలేయాలి.

ఇంత మంచి పంట మన పొలాల నుంచి, సూరత్ పొలాల నుంచి ఇంచుమించు ఒకే కారణంతో తొలగింది. 1972లో ఉకాయి ఆనకట్ట పూర్తయి తాపీ నీళ్లు కాలువల్లో పారాక దక్షిణ గుజరాత్‌లో చెరకు, వరి విస్తరించాయి. సూరత్ నేతకారుల సొంత ఊళ్లకు శ్రీరామసాగర్ కాలువలు అదే పని చేశాయి. 1983లో కిలో రెండు రూపాయల బియ్యం వచ్చాక పేదల పళ్లెంలోనూ జొన్న స్థానం అన్నానికి పోయింది. దేశం మొత్తంలో 1970 ప్రాంతంలో కోటీ 80 లక్షల హెక్టార్లకు పైగా ఉన్న జొన్న సాగు ఇప్పుడు 50 లక్షల హెక్టార్ల లోపుకు కుదించుకుపోయింది. ఆకలి తీర్చిన బియ్యాన్ని నేను తప్పుపట్టను. జొన్నకు కూడా రేషన్ దుకాణంలో చోటు ఇవ్వకపోవడమే తప్పు. జహీరాబాద్ ప్రాంతంలో దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ మహిళా సంఘాలు పచ్చజొన్నతో సహా పాత విత్తనాలను దాచుకుని, తామే ధాన్యం సేకరించి, ఊళ్లో పేదలకు పంచి, అది సాధ్యమేనని చేసి చూపించాయి.

సూరత్ చుట్టూ జొన్న మిగలడానికి పోంక్ ఒక కారణం. ఎండు గింజకు రాని ధర లేత గింజకు వస్తుంది. నవ్‌సారీ వ్యవసాయ విశ్వవిద్యాలయానికి చెందిన ప్రధాన జొన్న పరిశోధన కేంద్రం సూరత్ నగరంలోనే, అఠ్వా ఫామ్‌లో ఉంది. లేత గింజ కోసం పెంచే రకంలో దిగుబడి ఒక్కటే చూస్తే చాలదు. గింజను పట్టుకున్న పొట్టు వదులుగా ఉండాలి, లేకపోతే సంచిలో వేసి బాదినా ఊడదు. తీపి కొన్ని రోజులైనా నిలవాలి. కాల్చాక రంగు చెడకూడదు. మహారాష్ట్రలోని రాహురి వ్యవసాయ విశ్వవిద్యాలయం ఇలాంటి గుణాల కోసమే ఫూలే ఉత్తరా అనే హుర్డా రకాన్ని విడుదల చేసింది. తెలంగాణలోనూ పట్టణాల చుట్టూ యాసంగి జొన్న వేసే రైతు ఊసబియ్యం కోసం కొంత చేను పక్కన పెట్టుకుంటే, చలికాలంలో మొక్కజొన్న కండెలు అమ్మే ప్రతి కూడలిలో దానికి గిరాకీ ఉంటుంది.

అలా చేసే రైతు ఒక్క విషయం మరవకూడదు. లేత కంకి కోసుకున్నాక చొప్ప ఇంకా పచ్చిగా, తియ్యగా ఉంటుంది, పాడిగేదెలకు మంచి మేత. ఆ దశ చొప్పలో ధురిన్ తక్కువ, కోసి మేపుకోవచ్చు. మోళ్లలో తేమ మిగిలి ఉంటే రెండు వారాల్లో కొత్త పిలకలు లేస్తాయి. పశువుకు ప్రమాదం ఆ పిలకల్లోనే ఉంది. అవి మోకాలి ఎత్తు దాటేదాకా చేలోకి గొడ్డును వదలకూడదు. నీళ్లందక వాడిన పిలకలైతే ఎత్తు దాటినా మేపకూడదు. కోసి బాగా ఎండబెడితే సయనైడు చాలావరకు పోతుంది. ఒకవేళ మేసి, పశువు నోరు తెరిచి రొప్పుతూ, కాళ్లు వణుకుతూ పడిపోతే ఇంటి వైద్యంతో కాలం గడపకుండా వెంటనే పశువైద్యుణ్ని పిలవాలి. సోడియం నైట్రైటు, సోడియం థయోసల్ఫేటు సూదులు సమయానికి పడితే అది బతుకుతుంది.